మా వీధి మలుగు మాహాత్మ్యం

గొయ్యి లేని వీధుల్లో మనుషులు ఎలా బతుకుతున్నారో నాకు అర్థం కాదు. ఇంట్లోంచి అడుగు బయటపెడితే చదునైన రోడ్డు! ఏం చూస్తారు, ఏం మాట్లాడుకుంటారు? పాపం, వాళ్ళకి కాలక్షేపం ఎలా?

ఆమదాలవలసలో మా వీధికి ఆ కొరత లేదు. నిరుడు వేసవిలో కుళాయి పైపుల కోసం వీధి మధ్య ఈ పక్క నుంచి ఆ పక్కకి అడ్డంగా తవ్వారు. పైపు వేశారు, వేసిన పైపు కారింది, తవ్వినవాళ్ళు వెళ్ళిపోయారు. ఆ కారుడు పుణ్యమా అని ఎండల్లో కూడా గొయ్యి ఎండలేదు.

వానలు పడగానే అందులోకి ఒక మలుగు వచ్చి చేరింది. మలుగంటే చూపుకి పాము, పుట్టుకకి చేప. నాగావళి నుంచి కాలవలోకి ఎక్కి, కాలవ నుంచి తడిగడ్డి మీద పాకుతూ వచ్చేస్తుంది. ఒంటికున్న జిగురే దాని టిక్కెట్టు. కాస్త తడి ఉంటే చాలు, చర్మంతోనే గాలి పీల్చుకుంటుంది. ఎన్నాళ్ళైనా పస్తుండగలదు. ఇంతకంటే మంచి మునిసిపల్ పౌరుడు ఎక్కడ దొరుకుతాడు చెప్పండి? మాకు ఇటువంటి చర్మం ఉండి ఉంటే కుళాయి గురించి కమిషనర్ ఆఫీసుకి వెళ్ళే పనే లేదు.

ఇంకో విశేషం వినండి. సముద్రంలో మలుగులు ఎక్కడ గుడ్లు పెడతాయో కళ్ళారా చూసినవాడు ఇంతవరకు లేడట! శాస్త్రవేత్తలు తలలు బద్దలుకొట్టుకుంటున్నారు. మేం మాత్రం ఆశ్చర్యపోలేదు. మా కాంట్రాక్టర్ని కూడా ఇంతవరకు ఎవరూ చూడలేదు.

నాగులచవితి వచ్చింది. పుట్ట వెతుక్కుంటూ పొలాల దాకా ఎవరు నడుస్తారు? ఎదురింటి జగ్గమ్మగారు గోతి గట్టుకి పసుపు రాసి, పాలు పోసి, చిమ్మిలి వదిలారు. వీధంతా ఆవిడ వెనకే. నేను చదువుకున్నవాణ్ణి గనక ఊరుకోలేక, అది పాము కాదు, చేపండీ అని ఆవిడతో అన్నాను.

"సేపైతే ఏటి బాబూ? శ్రీకూర్మంలో తాబేలుకి గుడున్నాది. మన ఈదిలో సేపకి గొయ్యుంటే తప్పేటి?"

నా చదువు ఏ మూలకి?

అంతలో మునిసిపాలిటీ ఇంజనీరు నరసింగరావుగారు వచ్చారు, పసుపు చూశారు, ముఖం వెలిగిపోయింది. చెప్పులు విడిచి గోతికి దణ్ణం పెట్టారు. "పూడిస్తే మనోభావాలు దెబ్బతింటాయండి" అని చెప్పి, చుట్టూ తాడు కట్టించి వెళ్ళారు. ఆరోజు నుంచి మాది గతుకుల వీధి కాదు, క్షేత్రం. పక్క వీధివాళ్ళు అసూయతో చిక్కిపోయారు. బైకు మీద నుంచి పడ్డవాళ్ళు కూడా సాష్టాంగపడ్డామని చెప్పుకునేవారు. ఇంత భక్తి నున్నటి సిమెంటు రోడ్డు మీద సాధ్యమా?

ఈ ఏడాది తొలి పెద్దవానకి గొయ్యి పొర్లింది. మలుగుకి ఈడొచ్చినట్టుంది. ఈడొస్తే అది తిండి మాని, నది పట్టుకుని సముద్రానికి పోతుంది, పిల్లల్ని కనడానికి. పట్టపగలే నా కళ్ళ ముందు గట్టెక్కి, గడ్డి మీద జారుకుంటూ కాలవలో పడింది. అడ్డగించినవాళ్ళు లేరు. ఎక్కడికి, ఎందుకు పోతోందని జగ్గమ్మగారు అడిగితే చెప్పాను.

మర్నాడు జగ్గమ్మగారి కోడలు ఝాన్సీకి నొప్పులొచ్చాయి.

త్రినాథ్ ఆటో గోతికి అవతలే ఆగిపోయింది. "బండి దిగబడిపోతాది మావా, ఇవతలకి రానేను" అన్నాడు. ప్లాస్టిక్ కుర్చీలో ఆ పిల్లని కూర్చోబెట్టి నలుగురం ఎత్తుకున్నాం. మోకాళ్ళ లోతు బురద. కుర్చీ ముందు కాలు పట్టింది నేను. సరిగ్గా అవతలి గట్టు ఎక్కబోతుంటే, రోజూ రాస్తున్న పసుపు జారుడుకి నా అడుగు తప్పింది, కుర్చీ ఒరిగింది. జగ్గమ్మగారు కోడల్ని రెండు చేతులా పట్టుకుని ఒడ్డుకి తోశారు. ఆటో ఆసుపత్రి గేటు దాటుతుండగా సీటు మీదే ఆడపిల్ల పుట్టింది. ఇద్దరూ క్షేమం.

సాయంత్రానికి జగ్గమ్మగారు తిరిగొచ్చారు. చీర మార్చుకోలేదు. పెరట్లోంచి గంపతో మట్టి తెచ్చి గోతిలో పోయడం మొదలుపెట్టారు. ఎలా తెలిసిందో గాని, చవితి తర్వాత ఎన్నిసార్లు పిలిచినా రాని నరసింగరావుగారు పరుగున వచ్చారు.

"అదేమిటమ్మా, దేవుడు లోపలుండగా మట్టి పోస్తారా?"

ఆవిడ గంప దించలేదు.

"దేవుడు నిన్నే ఎల్లిపోనాడు బాబూ. పిల్లల్ని కనాలంటే ఈ ఈదిలోంచి బయటపడాలని ఆ సేపకి తెలిసింది. నీకూ నాకే తెలీనేదు. తప్పుకో, మట్టి కాళ్ళ మీద పడతాది."