ఒక్క నిమిషం నిలకడ

ఆ ఉదయం కెమెరామన్ పెట్టుకున్న పని చాలా చిన్నది. ఏడుగంటల ఎండలో, వంటింటి కిటికీ పక్కన భార్య కాఫీ తాగుతుంటే ఒక్క నిమిషం తియ్యాలి, అంతే. ఇరవై ఏళ్ళుగా ఆయన తీసినవన్నీ చవక ఫైటింగ్ సినిమాలు. గుద్దు జానెడు ఇవతలే ఆగిపోయినా తగిలినట్టు కనబడేలా కెమెరా ఊపడం ఆయన విద్య. ఎవరూ ఎవర్నీ తన్నకుండా, ఒక్క మనిషి మొహాన్ని నిలకడగా తియ్యాలని ఆయన ప్రాణం కొట్టుకులాడేది. ఫైటింగ్ అయిపోయాక ఖాళీ గోడమీది ఎండను చూసి నిట్టూర్చేవాడు. ఇన్నాళ్ళకు కుటుంబ చిత్రం తీస్తున్న ఒక దర్శకురాలు, పది గంటల్లోగా శాంపిల్ పంపితే చూస్తానంది. ఇది తప్పితే బతుకంతా ఊపుడే.

"నిన్న చెబితే తలైనా దువ్వుకునేదాన్ని కదండీ" అంటూ భార్య లోపలికెళ్ళింది. ఆమె చీర మార్చుకొచ్చేసరికి కాఫీ చల్లారింది, ఎండ జరిగింది. దాన్ని మళ్ళీ ఆమె మొహం మీదికి తిప్పడానికి బావమరిది తెల్ల దుప్పటి పట్టుకుని స్టూలెక్కాడు. ఆ మహానుభావుడు అవే సినిమాల్లో దెబ్బలు తిని పడే మనిషి. అది తెలిసీ కెమెరామన్ నోరు ఊరుకుందా? అలవాటుకొద్దీ "యాక్షన్" అన్నాడు.

అలవాటుకొద్దీ బావమరిది పడ్డాడు. పడుతూ పడుతూ గిన్నెల అల్మరాను కూడా వెంట తెచ్చుకున్నాడు. ఆ చప్పుడుకు పైవాటా ఓనరమ్మ చీపురుతో దిగొచ్చి, దుప్పట్లో గింజుకుంటున్నవాణ్ణి దొంగనుకుని ఉతకసాగింది. అడ్డం వెళ్ళిన భార్య చేతిలోని కప్పుకు చీపురు తగిలి కాఫీ అంతా ఆమె నెత్తిన పడింది. కెమెరామన్ కెమెరా దించలేదు సరికదా, దెబ్బదెబ్బకూ ఊపాడు.

చివరికి అందరూ ఆయాసంతో ఆగారు. కాఫీ కారుతున్న మొహంతో భార్య ఆయనవైపు చూసి, ఆపుకోలేక నవ్వింది. ఆయన చెయ్యి ఊగలేదు. ఎందుకో కళ్ళు మాత్రం చెమర్చాయి.

ఎండ వెళ్ళిపోయింది. వేరే శాంపిల్ లేదు. సిగ్గు చంపుకుని దాన్నే పంపాడు.

మధ్యాహ్నం దర్శకురాలి ఫోనొచ్చింది. "మొదటి యాభై సెకన్లూ తలనొప్పండీ. చివరి పదీ చాలు. ఆవిణ్ణి అలా చూసే మనిషే నాకు కావాలి. సోమవారం వచ్చెయ్యండి."

ఆయన ఒక్క పరుగున వంటింట్లోకి వెళ్ళి, ఉన్నదున్నట్టు భార్యకు చెప్పాడు. ఆమె తుడుస్తున్న గుడ్డ పక్కన పెట్టింది.

"ఇరవై ఏళ్ళనించీ ఎదురుగానే ఉన్నానండీ" అంది మెల్లగా. "నన్ను చూడ్డానికి మీకు మధ్యలో కెమెరా కావాల్సొచ్చింది."

ఆయన కెమెరా లేకుండా ఆమెనే చూస్తూ నిలబడిపోయాడు. ఆమె కాసేపు చూడనిచ్చి, గిన్నెలు సర్దమంది.