పది నిమిషాల్ల వచ్చే ప్లంబర్

ఈ దేశంల అన్నిటికన్న కష్టమైన రచన పెద్దల వెబ్ సిరీస్. పురాణం రాసేటోడు దేవుణ్ని ఆకాశం నుంచి దించినా ఎవ్వలూ ఏమనరు. మేం ఒక ప్లంబర్‌ను మెట్లెక్కిస్తే సంజాయిషీ అడుగుతరు.

నా పేరు కృపాకర్. చాంద్రాయణగుట్టల టైర్ల దుకాణం మీదున్న 'గుప్‌చుప్ ప్లస్' యాప్ ఆఫీసుల రచయితను. ఈ ఎపిసోడ్ పాసైతేనే నౌకరీ పర్మినెంటు, లేకుంటే మళ్ల మా బామ్మర్ది టెంట్‌హౌసుల కుర్చీలు మోసుడే.

జల్‌పల్లిల మా వంటింటి నల్లా కారుతుంటే తట్టిన కథ ఇది. మొగుడు ఊర్ల లేడు, నల్లా కారుతది, ఫోన్ చేస్తే పది నిమిషాల్ల ప్లంబర్ వస్తడు. తర్వాత ఏమైతదో పద్దెనిమిది నిండినోళ్లకు చెప్పే పని లేదు.

మా కంపెనీల వాస్తవిక పరిశీలనాధికారి అని ఒక పోస్టున్నది. (పద్దెనిమిది నిండినోళ్లంతా ఎన్నడో ఒకనాడు ప్లంబర్‌ను పిలిచినోళ్లే గనుక, వాళ్లను మోసం చేయొద్దని నియమం.) ఆ సీట్ల వైకుంఠం సార్ ఉంటడు, సర్కారు నౌకరీల రిటైరై వచ్చిండు. మంచం సీన్లన్నీ కండ్లు మూసుకొని దాటేసి, ప్లంబర్ కాడ ఆగిండు.

"పది నిమిషాలా? ఏ దేశంల, కృపాకర్?"

"గది కల్పన సార్."

"కల్పనకు గూడ హద్దుండాలె. 'అన్నా, చాంద్రాయణగుట్ట కాడున్న, వస్తున్న' అని మూడుసార్లు చెప్పించు. శుక్రవారం దుకాణాలు బందు, వాషర్ దొరకదు, అది గూడ పెట్టు. ఇంతకూ ఆ ఇంట్ల అత్త ఏది?"

అత్తను నల్గొండకు పంపిన. "మరి పక్కింటోళ్లు?" అన్నడు. కథ నడిచేది కిషన్‌బాగ్ల, అక్కడ పక్కింటోళ్లను ఎక్కడికని పంపుతం? వాళ్లు ఉండంగనే కానిద్దాం సార్ అన్న. అభ్యంతరం లేదని సంతకం పెట్టిండు.

షూటింగ్ కిషన్‌బాగ్లనే, ఒక కిరాయి ఇంట్ల. లోపల హీరోయిన్ అఖిల తయారై కూసున్నది. హీరో ప్రేమ్‌రాజ్ భుజాన సంచి, చేతుల పానా పట్టుకొని గల్లీల నడుస్తున్నడు, వెనక కెమెరా. పక్కింటి కాశమ్మ ఆ పానాను చూసింది.

"నల్లా పని చేస్తవా బిడ్డా? ముందుగాల మా ఇంటికి రా" అని రెక్క పట్టుకొని గుంజుకపోయింది, కెమెరా గూడ వెనకనే పోయింది.

నేను యాక్టర్‌ను అని చెప్పే సందే దొరకలే వానికి. భయానికి పానా తిప్పిండు. నల్లా ఆగింది. ఎట్ల ఆగిందో వానికే తెల్వదు. గంతే, గల్లీ గల్లీ ఎగబడ్డది. ఒకామెది సింకు, ఒకామెది మోటరు, మధ్యల చాయ్. జర సేపైనంక చూస్తే, లైన్ల ఆఖరుకు మేకప్‌తోని అఖిల నిలబడ్డది.

"ఏంది గిది? నీ సీన్ లోపలున్నది గదా" అన్న.

"సీన్ రేపైనా చేయొచ్చన్నా. మా హాస్టల్ల గీజర్ పోయి పండుగ నుంచి ఎవ్వలు రాలే. ఈయన మళ్ల దొరుకుతడా?"

తిడదామనుకున్న గని నవ్వాగలే. నవ్వినంక, తీసిందంతా వెనక్కి తిప్పి చూసిన. పొద్దుగూకింది, కెమెరాల నల్లాలు తప్ప ఏం లేవు. నౌకరీ పోయినట్టే.

వైకుంఠం సార్ మొత్తం చూసి కండ్లద్దాలు తుడుచుకున్నడు. "పిలవకుండ వచ్చిండు, పనైంది, రేపొస్త అనలే. నేనైతే నమ్మ. గని కెమెరాల ఉన్నది, ఏం చేస్తం? 'పెద్దలకు మాత్రమే' అని జర పెద్దక్షరాలతో వేయిండ్రి."

ఎపిసోడ్ దుమ్ము లేపింది. నల్లా ఆగే సీన్ మళ్లమళ్ల చూస్తున్నమని జనం రాసిండ్రు. నా నౌకరీ పర్మినెంటైంది.

ఆదివారం చర్చి నుంచి వచ్చినంక మా ఆమె సుజన నా ఫోన్ల ఆ ఎపిసోడ్ పెట్టుకున్నది. నల్లా ఆగే కాడ ఊపిరి బిగబట్టింది. తర్వాత ఫోన్ బోర్లేసింది.

"గిసొంటియి ఇంట్ల పెట్టకు. పిల్లలు చూస్తే, పెద్దగైనంక నిజంగనే వస్తరనుకుంటరు."

నేను వంటింట్లకు పోయి, కారే నల్లా కింద నిండిన బకెట్ తీసి ఇంకోటి పెట్టి, మా ప్లంబర్‌కు ఫోన్ చేసిన. చాంద్రాయణగుట్ట కాడున్నడట, వస్తున్నడు.