చావని ఆంబోతు

పొద్దున మొదటి బస్సుకే జిల్లా ఆఫీసుకు వెళ్లి గ్రాట్యుటీ సంగతి తేల్చుకోవాలి, మర్నాడు భార్య రెబ్కాను గుంటూరు తీసుకెళ్లి మిషన్ ఆసుపత్రిలో కంటి ఆపరేషన్‌కు చేర్పించాలి. దానయ్య అనుకున్నది అంతే. పర్చూరు దగ్గర ఒక పల్లెలో పశువుల ఆసుపత్రి అటెండరుగా అతను ముప్పై ఏళ్లు పనిచేశాడు. ఎనభై మూడులో ప్రభుత్వం రిటైర్మెంటు వయసు యాభై అయిదుకు దించినప్పుడు ఒక్క కలంపోటుతో ఇంటికొచ్చిన వాళ్లలో అతనొకడు. అది జరిగి ఏడాది దాటింది. డబ్బు రాలేదు గాని, రెబ్కాకు రెండో కంట్లోకి కూడా పొర పాకింది.

"ఇవాళైనా గట్టిగా అడుగు. దండం పెట్టి వచ్చేయమాక," అంటూ సద్దిమూట చేతికిచ్చింది రెబ్కా.

ఆఫీసులో సూపరింటెండెంట్ నరసింహారావు ఫైలు తిప్పి, కళ్లజోడు పైకి నెట్టుకున్నాడు.

"నీకు రావాల్సింది కాదయ్యా, నువ్వే ప్రభుత్వానికి బాకీ. ఆసుపత్రి ఆంబోతును అప్పగించకుండా రిటైరయ్యావు."

"అది డెబ్భై ఏడు తుపానులోనే చచ్చిపోయింది సార్. కొట్టం గోడ కూలి దాని మీద పడింది. డాక్టరు గారు దగ్గరుండి పూడ్పించారు."

"చచ్చినట్టు సర్టిఫికెట్ లేదే."

"ఆ డాక్టరు గారే పోయారు సార్."

"ఆయన పోయినట్టు సర్టిఫికెట్ ఉంది. ఆంబోతుకు లేదు. కాబట్టి అది బతికే ఉంది. దాన్నైనా అప్పగించు, ఖరీదైనా కట్టు. అందాకా నీ డబ్బు కదలదు."

దానయ్య దండం పెట్టి వచ్చేశాడు. బస్సు దిగగానే ఎదురైన పాత స్నేహితుడు బుడాన్‌తో సంగతంతా చెప్పుకున్నాడు. బుడాన్ పశువుల బేరగాడు.

"ఒరేయ్, వాళ్లు అడిగింది ఆంబోతునేగా? నువ్వు పూడ్చిందాన్నే తెమ్మన్లేదుగా? నా దగ్గరొకటుంది. ముసల్ది. సంతలో ఎవడూ కొనలా. నీ రెండు మేకలిచ్చి తోలుకుపో."

దానయ్యకు మనసొప్పలేదు. అబద్ధమాడటం పాపమని కొంత, ప్రభుత్వంతో ఆడితే దొరికిపోతామని ఎక్కువ. కానీ మర్నాడు రెబ్కా ఎసట్లో పోస్తున్నాననుకుని బియ్యం పొయ్యి పక్కన నేలపాలు చేసి, తడుముకుంటూ ఏరుకోవడం చూశాక, మేకల తాళ్లు విప్పాడు.

లారీకి డబ్బుల్లేక ఆంబోతును నడిపించుకుంటూ బయలుదేరాడు. దారిలో అది ఒక రైతు కళ్లంలో ఎండబోసిన మిరపకాయల్లోకి దూరి నింపాదిగా తొక్కింది.

"ఏరా, నువ్వు దాన్ని తోలుతున్నావా, అది నిన్ను తోలుతోందా?" అని రైతు ఇద్దరినీ ఆపేశాడు. చిట్లిన కాయలు ఏరి వేరుచేసి ఇచ్చేసరికి పొద్దుగూకింది. కళ్లూ ముక్కూ మండిపోతుండగా దానయ్య మూడో రోజుకు ఆఫీసు చేరాడు.

నరసింహారావు బయటికొచ్చి ఆంబోతును చూశాడు. కాసేపు నమ్మలేకపోయాడు. తర్వాత సంతోషంగా రసీదు రాసిచ్చాడు.

"ఇంక నా డబ్బులు ఇప్పిస్తారాండి?"

"ఉండవయ్యా. చచ్చిందని మొన్న నువ్వే అన్నావు. మరి ఈ ఏడేళ్లూ ఎక్కడుంది?"

దానయ్య ఆంబోతు మెడ మీద ఈగల్ని తోలాడు.

"అంటే నీ ఇంట్లో ఉంది. ఊరి ఆవుల దగ్గరికి తోలి రుసుము తీసుకునుంటావు. అదంతా ప్రభుత్వానికి రావాల్సిన సొమ్ము."

"ఇది అది కాదు సార్. మేకలిచ్చి మొన్ననే కొన్నా."

నరసింహారావు పెన్ను కింద పెట్టాడు. అతను చెడ్డవాడు కాదు. వచ్చే ఏడు తనూ రిటైరవ్వాలి. ఏ ఫైలూ తన మీదికి రాకూడదన్నది ఒక్కటే అతని కోరిక.

"చూడు దానయ్యా. ఇది మన ఆంబోతు కాదంటే మోసం కేసు, పోలీసులొస్తారు. మనదే అంటే రుసుము బాకీ. ఏది రాయమంటావో నువ్వే చెప్పు."

దానయ్య ఆంబోతు వంక చూశాడు.

"మనదే అని రాయండి సార్."

ఏడేళ్ల రుసుము, దాని మీద వడ్డీ లెక్కగడితే గ్రాట్యుటీ మొత్తం అందులోకే పోయింది. ఇంకా అతనే కొంత కట్టాల్సి వచ్చింది.

ఆంబోతును పల్లెలోని ఆసుపత్రికే పంపించారు. కొత్త అటెండరును అది మొదటి రోజే గోడకు అదిమింది. అతను సెలవు పెట్టి మళ్లీ కనిపించలేదు. వారం తిరక్కుండా నరసింహారావు దానయ్యను పిలిపించాడు.

"రోజుకూలీ మీద నువ్వే చూసుకో. కూలీ చేతికి రాదు. బాకీలో జమేస్తాం."

మర్నాటి నుంచి దానయ్య పాత కొట్టంలో పాత చీపురే పట్టుకున్నాడు. ఒక మధ్యాహ్నం పక్కింటి ఆవిడ చెయ్యి పట్టుకుని రెబ్కా అన్నం తెచ్చింది. అప్పటికి ఆమెకు వెలుతురు తప్ప ఏమీ తెలియడం లేదు. చెయ్యి చాచి ఆంబోతు మూపురం తడిమింది.

"ఒళ్లు బాగా చేసిందే. ఏం పెడుతున్నావేంటయ్యా?"

"తెలగపిండి. ఆఫీసోళ్లే పంపుతారు."

దాని మేత బిల్లు ప్రతినెలా ఒకటో తారీఖునే శాంక్షనయ్యేది.