చిన్నోడి మర్యాద

గుర్రపు స్వారీ నేర్పే మాస్టారు ఆ ఉదయం గట్టి నిర్ణయానికి వచ్చాడు. ఇవాళ చిన్నోడి చేత కొరకడం మాన్పించాలి, సాయంత్రం ఆ కబురు భార్యకు ఫోన్లో చెప్పాలి. చిన్నోడు ఆయన గుర్రం. అరచేతిలో క్యారెట్లు పెట్టి దాన్ని పాడుచేసింది నువ్వేనని ఒక మాట అన్నందుకే ఆవిడ అలిగి అక్క ఇంటికి వెళ్ళిపోయింది. అప్పటినుంచి ఆయనకు టీ కూడా సయించడం లేదు. ఫోన్ చేద్దామంటే వంక దొరకలేదు. ఇవాళ దొరికింది.

పొద్దుటినుంచీ పాఠం సాగింది. చిన్నోడు మూతి చాచగానే "వద్దు!" అని గద్దించి వెనక్కి నడిపించడం, తల తిప్పుకుంటే మెడ నిమరడం. క్యారెట్లన్నీ తొట్టిలోనే. మధ్యాహ్నానికి చిన్నోడు బుద్ధిమంతుడైపోయాడు.

"మీ అమ్మ చూస్తే ఎంత మురిసిపోయేదిరా," అన్నాడు మాస్టారు.

చిన్నోడు గేటువైపు చూశాడు. ఆయనా చూశాడు.

అంతలో గిట్టలు చూడ్డానికి పశువుల డాక్టరు వచ్చాడు.

"మావాడు ఇప్పుడు పెద్దమనిషండీ. నిశ్చింతగా వంగండి," అన్నాడు మాస్టారు.

డాక్టరు నిశ్చింతగా వంగాడు. ఆయన వెనక జేబులో సగం తిన్న బిస్కెట్ల పొట్లం ఉంది. చిన్నోడు పొట్లంతోపాటు దాని వెనక ఉన్నదాన్ని కూడా పట్టుకున్నాడు. డాక్టరు కేక వీధి చివరిదాకా వినిపించింది.

మేడమీంచి చూసిన పక్కింటి పిన్నిగారు వెంటనే మాస్టారి భార్యకు ఫోన్ చేసింది. ఎత్తింది అక్క.

"మీవాడు డాక్టరుగారిని కరిచాడమ్మా!"

పిన్నిగారి ఉద్దేశంలో "మీవాడు" గుర్రం. అక్కకు తెలిసిన "మీవాడు" మరిది ఒక్కడే.

"ఒసే చెల్లీ! నీ మీద బెంగతో మీ ఆయనకు మతి పోయిందే! డాక్టర్ని కరిచాడట!"

గంట తిరక్కముందే కారు వచ్చి ఆగింది. తోడల్లుడు గేటు బయటే నిలబడి, "తమ్ముడూ, కంగారు పడకు. నోరు మాత్రం తెరవకుండా మెల్లిగా రా!" అన్నాడు. భార్య ఆయన్ని తోసుకుని లోపలికి పరుగెత్తి, మాస్టారి మొహం రెండు చేతులా పట్టుకుంది.

"ఏమైందండీ మీకు? మనుషుల్ని కరవడమేంటి?"

"నేనా? కరిచింది చిన్నోడు!"

ఆవిడ చేతులు తీసేసింది. మాస్టారికి ప్రాణం ఉసూరుమంది. ఇంకాసేపు పిచ్చివాడిగా ఉండిపోతే బాగుండేదనిపించింది.

"మరి ఇన్నాళ్ళూ ఫోనెందుకు చెయ్యలేదు?"

"వాడికి మర్యాద వచ్చాక చేద్దామని..."

"రాకపోతే?"

"నువ్వు లేకపోతే వాడికి ఏమీ తోచడం లేదు. ఎప్పుడు చూసినా గేటువైపే చూస్తున్నాడు."

"వాడొక్కడేనా?"

మాస్టారు తల దించుకున్నాడు. ఆవిడ గేటువైపు తిరిగి, "బావా, రేపు నా పెట్టె పంపించెయ్యండి," అని కేకేసి చిన్నోడి దగ్గరికి నడిచింది. పొద్దున్నుంచీ అంత శ్రమపెట్టిన చిన్నోడు ఆవిడ భుజానికి తల ఆనించి, పెదవి కూడా కదపకుండా కళ్ళు మూసుకున్నాడు.

ఆ పూట భోజనాల దగ్గర తోడల్లుడు మాత్రం మాస్టారికి రెండు కుర్చీల దూరంలో కూర్చున్నాడు.