వేరా అని ఖాయం చేసినాం

కాలేజీకి పోయే ముందు ఊరికి ఒక ఫోన్ చేసి, బిడ్డ పేరు సంగతి నాయనకు తెలియజేద్దామనుకున్నాడు నరసింహులు. ఆ పొద్దుటికి అతనికున్న పని అంతే.

అతను అనంతపురంలో ఒక ప్రైవేటు కాలేజీలో వృక్షశాస్త్రం ల్యాబ్ అసిస్టెంటు. ఏళ్ల తరబడి సీసాల మీద లాటిన్ పేర్లు అతికించీ అతికించీ, ఆ భాష ముక్క రాకపోయినా దాని మీద గౌరవం పెంచుకున్నాడు. లాటిన్‌లో పిలిస్తే గడ్డిమొక్క కూడా గొప్పింటి బిడ్డలా వినిపిస్తుందని అతని నమ్మకం. కూతురు పుట్టగానే, కొత్తగా తెరిచిన ఇంటర్నెట్ సెంటర్లో కూర్చుని వెతికి 'వేరా' అనే పేరు పట్టుకొచ్చాడు. నిజమైనది అని దానర్థం. జిల్లా మొత్తంలో ఇంకో పిల్లకు ఉండదు. భార్య హేమ విని, "వేరుశనగలో వేరా?" అంది గానీ, బిడ్డను ఒకటికి రెండుసార్లు పిలిచి చూసుకుని, నోటికి హాయిగానే ఉందని ఒప్పుకుంది.

బెళుగుప్ప దగ్గర వాళ్ల ఊళ్లో ఫోన్ ఉన్నది నారాయణప్ప అంగట్లోనే. ఆ రోజు లైను గరగరలాడుతోంది. నరసింహులు గొంతు పెంచాడు.

"మా నాయనకు చెప్పన్నా. పేరు వేరా అని ఖాయం చేసినాం. హేమ గూడా ఒప్పుకునింది. ఆదివారం వస్తాం, పెద్దమనుషులను పిలిచి పెట్టమను."

గరగరలో 'పేరు' మునిగిపోయింది. మిగతాదంతా శుభ్రంగా వినబడింది. బాగా ఆలోచించుకున్నారా అని నారాయణప్ప బరువుగా అడిగాడు. పేరుకింత పట్టింపేమిటా అనుకుంటూనే, శానా ఆలోచించినామన్నాడు నరసింహులు.

కబురు చేరేసరికి అతని తండ్రి ఆదెప్ప సంగటి తింటున్నాడు. సగంలో చేయి కడుక్కున్నాడు. చిన్నకొడుకు వేరు పడతానని, భూమి పంచమంటాడని ఆయన కలలో కూడా అనుకోలేదు. తల్లి హనుమంతమ్మ ఇదంతా పట్నం కోడలి పనే అని తేల్చింది. పెద్దకోడలు తిరుపాలమ్మ ఎవరూ చెప్పకుండానే గిన్నెలు రెండు కుప్పలు పెట్టింది. పెద్దకొడుకు ఎర్రప్ప మాత్రం నోరు విప్పలేదు. శనివారం విప్పాడు. ఎండిన బోర్లూ, చచ్చిన ఎద్దులూ, తమ్ముడు నీడపట్టున చేసుకునే ఉద్యోగమూ, పండిన యేడు పట్నానికి వెళ్లే వేరుశనగ బుడ్డల మూటలూ అన్నీ ఆ నోట్లోంచి బయటికొచ్చాయి. తల్లి ఏడ్చింది. అయినా ఆపలేదు.

ఆదివారం నరసింహులు భార్యాబిడ్డలతో, మిఠాయి పొట్లంతో బస్సు దిగాడు. గుమ్మానికి మామిడాకు లేదు. వాకిట్లో నులకమంచం మీద పెద్దమనుషులున్నారు. వాళ్లలో తిప్పేస్వామి భూమి కొలిచే గొలుసు పక్కన పెట్టుకుని కూర్చున్నాడు. పేరు పెట్టే వేళకు ఎంతమంది వచ్చారో అని మురిసి, అందరికీ దండం పెట్టాడు నరసింహులు.

"ఈ ఆలోచన నీకు ఎప్పటినుంచి ఉండాది?" అని ఆదెప్ప తల ఎత్తకుండా అడిగాడు.

"హేమ కడుపుతో ఉన్నప్పటినుంచి, నాయనా."

"నేను బతికుండంగానే?"

ముసలాయన బిడ్డ పేరులో తన పేరు కలవలేదని నొచ్చుకుంటున్నాడేమో అనుకున్నాడు నరసింహులు. "నిన్ను తక్కువ చేసేది కాదు నాయనా. ఇప్పుడందరూ ఇట్లే చేస్తాండారు."

పెద్దమనుషులు ముఖాలు చూసుకున్నారు. తిప్పేస్వామి గొలుసు తీసుకుని లేచాడు. అప్పుడు హేమ, బిడ్డ నిద్రకు ఏడుస్తుంటే, ఊయల ఎక్కడ కట్టారని అత్తను అడిగింది. ఊయలేమిటని అత్త అడిగింది. ఆ రెండు ముక్కలతో, వేరా అన్నది బిడ్డ పేరని తేలి, మొత్తం ముడి విడిపోయింది.

వాకిలంతా నవ్వింది. నారాయణప్ప అంగడి తెరిచిపెట్టి వచ్చానంటూ జారుకున్నాడు. ఆదెప్ప తువ్వాలుతో కళ్లు తుడుచుకుంటూ నవ్వాడు. ఎర్రప్ప ఒక్కడే నవ్వలేదు. నరసింహులు వెళ్లి అతని పక్కన కూర్చున్నాడు.

"నేనెందుకు వేరు అడుగుతానన్నా?"

"నువ్వు అడగలేదులే," అన్నాడు ఎర్రప్ప. "నేనే అడుగుతాండా. ఇన్నేండ్లూ నోరు రాక ఉండినా. నువ్వే వేరు అడిగినావంటే బరువు దిగినట్టయింది. మళ్లీ ఎత్తుకోల్యాను."

తన ఉద్యోగం తనకుందనీ, భూమంతా నువ్వే ఉంచుకో అనీ అన్నాడు నరసింహులు. దానం వద్దు, భాగమే కావాలన్నాడు ఎర్రప్ప. ఆ మాటలో కోపం లేదు. కోపమున్నా బాగుండుననిపించింది తమ్ముడికి. సీసాల్లోని ప్రతి ఆకుకూ పేరూ అర్థమూ తెలుసుకున్నవాడు, అన్న ఎండలో ఏమనుకుంటున్నాడో ఒక్కసారైనా అడిగి ఎరగడు.

ఆ మధ్యాహ్నమే భూమి పంచారు. సాయంత్రం చీరతో ఊయల కట్టి, బిడ్డ చెవిలో చౌడేశ్వరి అని చెప్పింది హనుమంతమ్మ. నరసింహులు అడ్డు చెప్పలేదు. రాత్రి అలవాటుగా వదిన పొయ్యి దగ్గర పీట వేసుకుని కూర్చుంటే, తిరుపాలమ్మ వడ్డించింది. కానీ మర్యాద చేసింది. చుట్టాలకు వడ్డించినట్టు, ఇంకొంచెం పెట్టనా అని అడిగి మరీ వడ్డించింది.

మరో నెలకు ఎవరి భాగంలో వాళ్లు, నరసింహులు కూలీలను పెట్టి, విత్తనం వేశారు. ఆ యేడు వాన రాలేదు. పంట మాత్రం అన్నదమ్ములిద్దరికీ సమానంగా పోయింది.