జాంబారావు గారు ఇంట్లో లేరు

ఒక పెద్ద అడవిలో ఎడ్వర్డు చక్రవర్తి పరిపాలన నడుస్తోంది. ఆ సంగతి అడవికి చాలాకాలం తెలియదు. అంచున దొర బంగళా కట్టాక తెలిసింది. అంతవరకూ జంతువులు తినేవి, తిరిగేవి, తన్నుకునేవి. తమకు నాగరికత లేదన్న బెంగ ఒక్కటే ఉండేది కాదు. బంగళా వచ్చాక ఆ లోటూ తీరింది.

నవ్వకండి. అడవి అన్నాను గానీ, మన వీధే అనుకున్నా నాకేం అభ్యంతరం లేదు.

ఆ అడవిలో జాంబయ్య అనే ఎలుగుబంటి ఉండేవాడు. ఒళ్ళు పెద్దది, మనసు చిన్నపిల్లవాడిది. పుట్టలు తవ్వి చెదలు తినడం, ఇప్పపూల కాలంలో కడుపునిండా మేసి చెట్టుకిందే దొర్లడం, సాయంత్రం పూట గుహ ముందు కూర్చుని పక్క బొరియలో ఉండే ముళ్లపంది సూరమ్మతో లోకాభిరామాయణం. ఇదీ ఆయన బతుకు. హాయిగానే ఉండేవాడు. హాయిగా ఉన్నవాడికి ఊరికే ఉండబుద్ధి కాదు కదా, క్లబ్బులో చేరాలని కోరిక పుట్టింది.

దొరలకు క్లబ్బు ఉందని విని నెమలి పెట్టించిన క్లబ్బు అది. అధ్యక్షుడూ ఆయనే. "మా పెదనాన్నగారు ప్రస్తుతం దొరసానిగారి టోపీ మీద ఉంటున్నారు" అని మాటకు ముందు ఒకసారి, మాటకు తరవాత ఒకసారి చెప్పుకునేవాడు. అడవిలో అంతటి పలుకుబడి ఇంకెవరికీ లేదు మరి.

"మీ ఇంటికి వచ్చిపోయే పెద్దలెవరండీ?" అని, చేరతానంటూ వచ్చిన జాంబయ్యను అడిగాడు నెమలి.

"మా సూరమ్మ వస్తుందండి. పక్కింటి ముళ్లపంది. రోజూ వస్తుంది."

సభ్యులంతా తోకలు అడ్డం పెట్టుకుని నవ్వారు. జాంబయ్యకు తల కొట్టేసినట్టయింది. ఇంటికొచ్చి చూసుకుంటే ముక్కుమీద రెండు చెదపురుగులు ఇంకా పాకుతున్నాయి. వాటితోనే వెళ్ళి పెద్దమనిషినన్నానా అనుకుని, వాటిని తినేసి, ఇంకా సిగ్గుపడ్డాడు.

దారి చూపించినవాడు కొండముచ్చు కోదండం. వాడి కాపురం బంగళా పక్క చింతచెట్టు మీద. గోరంత చూసి కొండంత చెప్పడం వాడి వృత్తి.

"దొరసానిగారి గేటుకు ఒక పెట్టె ఉంటుందండీ. వచ్చినవాళ్ళు తమ పేరున్న చీటీ అందులో పడేస్తారు. బంట్రోతు 'అమ్మగారు ఇంట్లో లేరు' అంటాడు. వాళ్ళు టోపీ ఎత్తి వెళ్ళిపోతారు."

"పాపం, ఆవిడ ఎక్కడికి వెళ్తుంది?"

"ఎక్కడికీ వెళ్ళదు. తెరచాటు నుంచి చూస్తూ కూచుంటుంది."

జాంబయ్య గెడ్డం గోక్కున్నాడు. "ఇంట్లో ఉండి లేననడం అబద్ధం కదటయ్యా?"

"మీరూ నేనూ అంటే అబద్ధమండీ. పెద్దవాళ్ళంటే పద్ధతి."

మర్నాడే గుహ ముందు ఒక బోలు మొద్దు వెలిసింది. వచ్చినవాళ్ళు మోదుగాకు మీద తమ పంటిగాటు పెట్టి అందులో వెయ్యాలి. గుహ పైన వేరుకు ఒక మద్దిచెక్క వేలాడదీశారు. అది వేలాడితే అయ్యగారు ఇంట్లో లేరని అర్థం. అయ్యగారి పేరు కూడా జాంబారావు అయింది.

మొదట వచ్చింది సూరమ్మే. ముళ్ళకు ఇప్పపూలు గుచ్చుకుని, ఘుమఘుమలాడుతూ వచ్చింది. "తమ్ముడూ, ఉన్నావా?"

"రావుగారు ఇంట్లో లేరు" అన్నాడు, వాకిట బంట్రోతుగా కుదిరిన కోదండం.

"ఏ రావుగారు?"

"జాంబారావుగారు."

సూరమ్మ చీకట్లోకి కాసేపు చూసింది. ఆ తరవాత పూలన్నీ గడప దగ్గర దులిపి వెళ్ళిపోయింది. ఆ వాసనకు జాంబారావు నోరూరిపోయింది. బయటికొస్తే ఇంట్లో ఉన్నట్టవుతుంది. పూలు చీమలు తిన్నాయి. రావుగారు లోపల గుటకలు మింగారు.

చెప్పొద్దూ, ఆ పద్ధతి బ్రహ్మాండంగా సాగింది. ఎలుగుబంటి ఎదుటపడాలంటే హడలిపోయేవాళ్ళు కూడా, ఆయన ఇంట్లో లేడనేసరికి సంతోషంగా వచ్చారు. మొద్దు నిండి పొర్లింది. అంత రాకపోకలున్న పెద్దమనిషిని కాదనలేక క్లబ్బువాళ్ళు చేర్చుకున్నారు. చేరిన రోజునే ఆయన లేచి ఒక తీర్మానం పెట్టాడు: చెక్క వేలాడే ఇంట్లోకి తొంగిచూసినవాడినీ, లోపలివాళ్ళతో మాట కలిపినవాడినీ అడవి నుంచి వెలి వెయ్యాలి. అందరూ చప్పట్లు కొట్టారు. తన జీవితంలో తాను మాట్లాడితే చప్పట్లు పడటం అదే మొదలు. ఆ రాత్రి ఆనందంతో ఆయనకు నిద్రపట్టలేదు.

వానలు పట్టాయి. ఒకనాడు కొండ చరియ జారి, బండరాయి ఒకటి దొర్లుకుంటూ వచ్చి గుహకు అడ్డంగా కూచుంది. పైన చెయ్యి పట్టేంత సందు మిగిలింది. లోపల అంతా చట్టురాయి. గోళ్ళు అరిగాయి గానీ గులకరాయి కూడా రాలేదు. వేరుకు వేలాడే చెక్క మాత్రం చెక్కుచెదరలేదు. సందులోంచి కనబడుతోంది, చేతికి అందదు.

"నేను లోపలే ఉన్నానండోయ్, రాయి తియ్యండి" అని అరిచాడు.

నెమలి సభ్యులను వెంటబెట్టుకుని వచ్చాడు. చెక్క వంక చూశాడు.

"రావుగారు ఇంట్లో లేరు" అన్నాడు.

"ఉన్నానండీ. చచ్చిపోతున్నాను."

కుందేలు చెవులు నిక్కించింది. "అయ్యా, ఏదో వినబడుతున్నట్టు..."

"వినబడకూడదు. తీర్మానం ఆయనదే" అన్నాడు నెమలి.

మొద్దు రాయి కింద నలిగిపోయింది కనక, అందరూ తమ ఆకులు ఆ సందులో దోపి, టోపీలు లేవు గాబట్టి తోకలు ఎత్తి వెళ్ళిపోయారు. అలా వచ్చినవాళ్ళంతా మర్యాదగా ఆకులు దోపుతుంటే సందు పూడుకుంటోంది. రావుగారు ఒక ఆకు లాగేలోపు నాలుగు పడుతున్నాయి. ఊపిరి బరువెక్కింది. అడవిలో ఇంత గౌరవం పొందుతూ చచ్చిన ఎలుగుబంటిని నేనే కాబోలు అనుకున్నాడు. చేసుకున్నవాడికి చేసుకున్నంత.

ఒక్క ఆశ మిగిలింది. సూరమ్మ. దానికి మర్యాదలు తెలియవు. అది వచ్చిందంటే బతికిపోయినట్టే.

సూరమ్మ వచ్చింది. మోదుగాకు పట్టుకుని వచ్చింది.

"సూరమ్మక్కా, నేను లోపలే ఉన్నాను."

"ఆవేళ కూడా లోపలే ఉన్నారు కదండీ రావుగారూ. మీ ముక్కు కనబడుతూనే ఉంది" అంది సూరమ్మ మెల్లిగా. "ఉన్నవాళ్ళని లేరనుకోవడం నాకు కష్టమైంది. వారం పట్టింది నేర్చుకోడానికి. తప్పుంటే మన్నించండి."

ఆకు జాగ్రత్తగా సందులో పెట్టి వెళ్ళిపోయింది. జాంబయ్య ఆ ఆకు ముఖానికి ఆనించుకుని ఏడ్చాడు.

అప్పుడు రాయి పక్కన, చట్టు పగులులో పూడిన మట్టిలోంచి గరగరమని చప్పుడైంది. మట్టి రాలి, కన్నంలోంచి ఒక మూతి లోపలికొచ్చింది. అది గంగులుది. తేనె దొంగతనానికి పేరుమోసిన పందికొక్కు. ఎదురుగా ఎలుగుబంటిని చూసి వాడు బిక్కచచ్చిపోయాడు.

"ఇదేం అన్యాయమండీ? ఇంట్లో లేరని చెక్క పెట్టారు. నమ్మి వచ్చాను."

"దాన్ని నమ్మినవాడివి నువ్వొక్కడివేరా నాయనా" అన్నాడు జాంబయ్య. "లోపల దాచుకున్న తేనంతా నీదే. ఆ కన్నం కాస్త పెద్దది చెయ్యి."

ఇద్దరూ చెరోవైపు తవ్వారు. ఒంటిమీది జుట్టు సగం మట్టికి వదిలేసి, జాంబయ్య దొంగకన్నంలోంచి బయటపడ్డాడు. సరిగ్గా అప్పుడే ఆకులతో వస్తున్న పెద్దలు, తేనెతుట్టెతో గంగులును పట్టుకున్నారు. వెంటనే విచారణ.

"చెక్క ఉన్న ఇంట్లో దూరాడు. లోపలివారితో మాట కలిపానంటున్నాడు" అన్నాడు నెమలి. "రావుగారూ, ఆ సమయంలో మీరు ఇంట్లో ఉన్నారా?"

జాంబయ్య చుట్టూ చూశాడు. ఉన్నానంటే ఇందరు పెద్దలూ తన అరుపులు విని వెళ్ళిపోయినవాళ్ళవుతారు. తాను చెక్క వెనకనుంచి కేకలేసిన మోటువాడవుతాడు. మళ్ళీ తోకలు అడ్డం పెట్టుకుని నవ్వుతారు. ఒక మూల సూరమ్మ తన వంకే చూస్తోంది. ఆయన నోరు తెరిచాడు. ఏం చెప్పాలో నిజంగా తెలుసు.

"లేనండి" అన్నాడు.

చప్పట్లు పడ్డాయి. ఈసారి ఆయనకు అవి బాగుండలేదు. గంగులును ఏటి అవతలికి వెలి వేశారు. వాడు పోతూ పోతూ ఆగి, "నిజమేనండీ, ఆయన అక్కడ లేరు. అక్కడ ఉండి ఉంటే ఇక్కడ కూడా ఉండేవారు" అన్నాడు.

బండరాయిని ఎవరూ తియ్యలేదు. ఆ చెక్క ఇప్పటికీ వేలాడుతోంది, ఆకులు ఇప్పటికీ పడుతున్నాయి. జాంబారావుగారు కన్నంలోంచే వచ్చిపోతుంటారు. ఆ కన్నం ముందు రోజూ ఇంత తేనెతుట్టె పెట్టి, ఏటి వైపు చూస్తూ కూచుంటారు. సాయంత్రాలు ఊసులాడటానికి ఎవరూ రారు.

నీతి: పెద్దమనిషి ఇంటికి రెండు దారులుండాలి, పరువు కోసం మూసిన వాకిలి, ప్రాణం కోసం దొంగకన్నం.