చిమ్నీ మీద సైకిలు చక్రం

శనివారం పొద్దున కొల్మన్ వేసుకున్న పథకం చాలా చిన్నది. సైకిలు వెనక చక్రం ఊడదీయాలి, పంక్చరు వేయాలి, తుప్పు వదిలించి మళ్ళీ బిగించాలి. మర్నాడు మూరా నది ఒడ్డున వసంతపు సంత. బేకరీ ట్రెజికా తనతోపాటు సైకిలు మీద వస్తానంది. వస్తావా అన్న ఆ ఒక్క మాట అడగడానికి నలభై దాటిన ఈ బ్రహ్మచారి చలికాలమంతా రోజూ రొట్టెలు కొన్నాడు. తినలేక సగం బాతులకు వేశాడు. అసలు మాట సంతలో అడగాలని అతని ఉద్దేశం. పెళ్ళి మాట.

గుమ్మడి గింజల నూనె మిల్లులో యంత్రాలన్నిటినీ ఓపిగ్గా చూసుకునే మనిషికి ఆ రోజు ఇంట్లో కాలు నిలవలేదు. సైకిలును పెరట్లో తలకిందులుగా నిలబెట్టాడు. పానా కోసం లోపలికి వెళ్ళి కాఫీతో తిరిగొచ్చాడు. కాఫీ కింద పెట్టి మళ్ళీ పానా కోసం పరిగెత్తాడు. నట్టు కదల్లేదు. కిరసనాయిలు పోశాడు, సుత్తితో నాలుగు దెబ్బలు వేశాడు, చివరికి దాన్ని బతిమాలాడు కూడా.

"ఎడమవైపుకు తిప్పరా!" గోడ మీంచి పక్కింటి వెండెల్ అరిచాడు. వెండెల్ ఒకప్పుడు ఊరి అగ్నిమాపక దళానికి నాయకుడు. ఎక్కడ మంట రాజుకున్నా ముందు అతనికే తెలుస్తుంది. మంటలు లేని రోజుల్లో పొగ అతనే పెడతాడు.

"ఎడమకే తిప్పుతున్నా బాబాయ్!"

"అలా తిప్పితే రేపటికి కూడా రాదు."

రేపటి మాట వినగానే కొల్మన్‌కు ఎక్కడలేని బలం వచ్చింది. నట్టు వదిలింది. బ్రేకు విప్పి, గొలుసు తప్పించి, మోచేతుల దాకా గ్రీసు పూసుకుని మొత్తానికి చక్రాన్ని బయటికి లాగాడు. టైరు, ట్యూబు తీసేసి, మిగిలిన ఇనప చక్రాన్ని కిరసనాయిలుతో తుడిచాడు. ఇక ఆరాలి. కింద పెడితే కుక్క నోట కరుచుకుపోతుంది. పెరట్లో వేసవి వంటగదికి పొట్టి చిమ్నీ ఒకటుంది, ఈ ఏడాది ఇంకా పొయ్యి వెలిగించలేదు. పీట ఎక్కి చక్రాన్ని దాని మీద పడుకోబెట్టి, ట్యూబుకు అతుకు వేయడానికి లోపలికి పోయాడు.

మూరా ఒడ్డున పుట్టినవాడెవడూ మార్చి నెలాఖరున చిమ్నీ మీద చక్రం పెట్టి ఊరుకోడు. అది కొంగకు పిలుపు. కొంగ గూడు కడితే ఏడాది తిరక్కుండా ఆ ఇంట్లో ఉయ్యాల ఊగుతుందని కొత్త జంటలు ఏరికోరి చక్రం బిగిస్తారు. కొల్మన్‌కు ఈ సంగతి తెలియదా అంటే బాగా తెలుసు. ప్రేమలో పడ్డవాడికి తెలిసినవేవీ సమయానికి గుర్తురావు, అంతే.

అతుకు వేసి బయటికొచ్చేసరికి చక్రం మీద ఎర్రకాళ్ళ కొంగ నిలబడి ఉంది. ఆఫ్రికా నుంచి స్లొవేనియా దాకా ఎగిరొచ్చిన అలసట ఏమీ కనిపించలేదు. ముక్కున ఉన్న పుల్లను చువ్వల మధ్య దోపి, మెడ వెనక్కి వాల్చి, ముక్కు టకటకలాడించింది.

"హుష్! పో!" కొల్మన్ చీపురు ఎత్తాడు.

"ఒరేయ్, ఆగు!" వెండెల్ ఆ వయసులోనూ గోడ దూకాడు. "పుల్ల పడ్డాక గూడు కదిపితే చట్టం ఊరుకోదు. నేను అసలే ఊరుకోను."

"గూడేంటి బాబాయ్! అది నా చక్రం. అది లేకపోతే రేపు ట్రెజికాతో వెళ్ళడం ఎలా?"

వెండెల్ నోరు తెరిచాడు. సంత సంగతి అతనికి తట్టలేదు. రేపు ఆదివారం. ఆదివారం ఆడా మగా కలిసి వెళ్ళేది చర్చికే, ఫాదర్‌తో ముహూర్తం మాట్లాడటానికే. ముహూర్తం కంటే ముందే కొంగను పిలిచారంటే వ్యవహారం చాలా దూరం వెళ్ళిందన్నమాట.

"అయితే తొందరలోనే ఉన్నారు," అన్నాడు కన్ను గీటుతూ.

"తొందరే మరి! మధ్యాహ్నానికల్లా అయిపోవాలి!"

"అంత దాకా వచ్చిందా!" అంటూ వెండెల్ వచ్చిన గోడ మీంచే మాయమయ్యాడు.

కొల్మన్ చీపురు కింద పెట్టేలోపు అగ్నిమాపక దళం నిచ్చెనతో దిగింది. కొంగ ఇంటి కప్పు మీదికి జరిగి చూస్తుండగా, చక్రాన్ని చిమ్నీకి తీగతో బిగించి కట్టారు. "వద్దు, వద్దు!" అని కొల్మన్ ఎగురుతుంటే, మొహమాటపడుతున్నాడని భుజం తట్టారు. వెండెల్ భార్య గిజెలా చిన్న ఊలు టోపీ తెచ్చింది.

"ఇదెందుకు పిన్నీ?"

"ఉంచు నాయనా. మా మనవడిది, వాడికి చిన్నదైపోయింది."

అటు బేకరీలో ప్రతివాళ్ళూ రొట్టె కొని, శుభాకాంక్షలు చెప్పి, ట్రెజికా నడుం కేసి ఓ చూపు చూసి వెళుతున్నారు. కాసేపటికి ఆమె పిండి అంటిన ఏప్రన్‌తోనే సైకిలెక్కి వచ్చింది. దళం వాళ్ళు మర్యాదగా పక్కకు జరిగారు, మాటలు వినబడేంత దూరంలో ఆగారు.

"కొల్మన్ గారూ, నాకు పెళ్ళట. బిడ్డ కూడానట. నాకు తప్ప ఊరందరికీ తెలుసు."

ఆమె 'గారూ' అనడంతో కొల్మన్ పై ప్రాణాలు పైనే పోయాయి. "ఒట్టు ట్రెజికా! నేను చక్రం ఊడదీశానంతే. నాకు అలాంటి ఉద్దేశం లేనే లేదు!"

ట్రెజికా మొహం వాడిపోయింది. "లేనే లేదా?"

"లే... అంటే బిడ్డ ఉద్దేశం లేదు. పెళ్ళి ఉద్దేశం ఉంది. బిడ్డ కూడా తర్వాత... నీ ఇష్టం."

"చలికాలమంతా ఏం చేశావు మరి?"

"రొట్టెలు కొన్నాను."

"అది నాకు తెలుసు! నోరు తెరిచి అడగడానికేం?"

"రేపు సంతలో అడుగుదామని..."

"ఇప్పుడడుగు. బేకరీకి తాళం కూడా వేయలేదు."

గ్రీసు చేతులు వెనక్కి పెట్టుకుని కొల్మన్ అడిగాడు. ట్రెజికా ఒప్పుకుంది. సంతోషంతో అతని కళ్ళు చెమర్చాయి. కిరసనాయిలు వల్లేనని చెప్పుకున్నాడు. దళం చప్పట్లు కొట్టింది.

ఆ చప్పుడుకు కొంగ బెదిరింది. రెక్కలు విప్పి, గోడ దాటి, వెండెల్ ఇంటి ఎత్తయిన చిమ్నీ మీద వాలింది.

"పోయింది!" కొల్మన్ గోడ దాకా పరిగెత్తాడు. "ట్రెజికా, ఇప్పుడు నువ్వు..."

"నేను ఒప్పుకుంది నిన్నా, కొంగనా? తీగ విప్పి చక్రం దించు. రేపు పొద్దున్నే బయలుదేరాలి."

దళం నిచ్చెన భుజానికెత్తుకుని పక్కింటికి నడిచింది. రొట్టెల సంచులతో ఆడవాళ్ళు గుమ్మంలో గిజెలాను చుట్టుముట్టి శుభాకాంక్షలు చెప్పారు. డెబ్బైకి దగ్గరపడిన ఆవిడ మొగుడి వైపు తిరిగింది. వివరాలేమిటని అందరూ అడిగితే, ఈ విషయం తనకేమీ తెలియదన్నాడు వెండెల్.